ఫిడేలు లోపలి గుంజ

వీధిలో అందరూ ఆమెను ఫిడేలక్క అనేవారు. ఫిడేలు వాయించడం మాత్రం ఆమెకు రాదు. రాదంటే, నాలుగు తీగల మీదా కమాను నిండుగా లాగి ఏది నీరసంగా ఉందో చెప్పగలదు, బిరడా తిప్పి శ్రుతి కుదర్చగలదు. పాట మాత్రం ఆమె వేళ్ళకు ఏనాడూ లొంగలేదు. ఎవరైనా ఆ మాట కదిపితే, "చెప్పులు కుట్టేవాడు ఊరూరా తిరిగొస్తాడా ఏమిటి?" అని నవ్వేసేది.

ఆమె కొట్టు ఒక పాత మేడ మెట్ల కింద ఉండేది. పైన కాపురమున్నవాళ్ళు ఎక్కినా దిగినా ఆ అడుగుల చప్పుడంతా ఆమె నెత్తిమీదే. వీధివైపు ఒక్కటే కిటికీ. దానికి అడ్డంగా బిగించిన కమ్మీకి, బాగుపడ్డ ఫిడేళ్ళు మెడలు పట్టి వేలాడదీసి ఉండేవి. బల్లమీద సన్న ఉలులు, చెక్క బిగింపులు, వంగే తీగ చివర ఒక చిన్న దీపం, పళ్ళ డాక్టర్ల దగ్గర ఉండేలాంటి బుల్లి అద్దం. మూలన సరేసు కాచే గిన్నె. ఆ జిగురు వాసన ఆమె బట్టలకీ జుట్టుకీ పట్టేసింది. బస్సు నడిపే ఆమె భర్త, "కళ్ళు మూసుకుని చెప్పగలను, మా ఆవిడ ఏ గదిలో ఉందో" అని పదిమందిలో అనేవాడు. ఆమె కోపం నటించేది.

కొట్టు తండ్రి నుంచి వచ్చింది. ఆయన ఊళ్ళోవాళ్ళ ఫిడేళ్ళు బాగుచేసేవాడు, తీరిక చిక్కితే సొంతంగా ఒకటి చేసేవాడు. మాట తక్కువ మనిషి. చెప్పవలసింది చేతులతో చూపించేవాడు. ఒకసారి పెద్దకూతుర్ని దగ్గరికి పిలిచాడు. అప్పటికి చెల్లెలు ఇంకా పాకుతోంది. ఒక తీగను చిన్న చెక్కముక్కకు కట్టి, రెండో కొసను పిడికిట్లో బిగించి, గాల్లో పట్టుకుని మీటాడు.

"వినబడిందా?"

"దోమ పాడినట్టుంది నాన్నా."

ఆయన ఆ చెక్కముక్కను బల్లమీద అదిమిపెట్టి, అంతే బలంతో మళ్ళీ మీటాడు. ఈసారి బల్లంతా పలికింది. పిల్ల ఉలిక్కిపడి చేతులు వెనక్కి లాక్కుంది.

"తీగ పెరిగిందా? నా చెయ్యి పెరిగిందా?" అన్నాడు తండ్రి. "ఏదీ పెరగలేదు. తీగ ఒట్టినే వణుకుతుంది తల్లీ. సన్నటిది కదా, గాలిని ఏం కదిలిస్తుంది? సూదితో గంగాళంలో నీళ్ళు కలిపినట్టే. ఆ వణుకు చెక్కకి ఎక్కాలి. చెక్క వెడల్పు. అది కదిలితే గాలి కదులుతుంది, గాలి కదిలితే నీ చెవి కదులుతుంది. తీగది వణుకు, చెక్కది గొంతు."

అలాగే ఒక్కొక్కటీ నేర్పాడు. బిగిస్తే తీగ తొందరగా వణికి స్వరం పైకెక్కుతుంది, వదులు చేస్తే దిగుతుంది. వేలితో నొక్కి పొట్టిచేస్తే పైకి, వదిలితే కిందికి. లావు తీగది బరువైన నడక, సన్న తీగది చురుకు నడక. కమానుకు గుగ్గిలం రాసేది నున్నగా జారడానికి కాదు, పట్టుకోవడానికి. పట్టుకుని లాగుతుంది, తీగ తప్పించుకుంటుంది, మళ్ళీ పట్టుకుంటుంది. కనురెప్ప కొట్టేలోపు ఆ కుస్తీ వందల పట్లు నడిచిపోతుంది. మన చెవికి మాత్రం అది ఒకే నిండు స్వరం.

తీగలు మోసే బ్రిడ్జిని ఆయన గుర్రం అనేవాడు. ఆ గుర్రం కుడికాలికి కాస్త దిగువగా, అంటే తీగల అడుగు కొస వైపున, ఫిడేలు పొట్ట లోపల, పైపలకకీ అడుగుపలకకీ మధ్య ఒక పుల్ల నిలబెట్టి ఉంటుంది. వేలెడంత పుల్ల, పెన్సిలుకన్నా కాస్త సన్నం. జిగురు ఉండదు, మేకు ఉండదు, తీగల ఒత్తిడికే నిలబడుతుంది. దాన్ని ఆయన గుంజ అనేవాడు.

"ఒక కాలు గట్టిగా నేలకి తన్నిపెట్టు. రెండో కాలు ఆడించు" అన్నాడు కూతురితో. ఆమె ఆడించింది. "గుర్రం చేసేదీ అదే. గుంజ ఉన్న వైపు కాలు కదలనివ్వదు, రెండో కాలు ఊగి పలకని ఊపుతుంది. ఆ గుంజని వెంట్రుకవాసి జరిపావో, ఫిడేలు గొంతే మారిపోతుంది. దగ్గరికి జరిపితే పదును, దూరం జరిపితే మెత్తన."

ఆ సాయంత్రాల్లో తండ్రి ఫిడేలు ఎలా మోగేదో ఆమెకు జన్మంతా గుర్తుంది. ఆయన తన చేత్తో చేసుకున్న ఫిడేలు అది. కొట్టు కట్టేసి ఇంటికొచ్చి, ఆయనకు వచ్చిన నాలుగు పాటలే తిప్పి తిప్పి వాయించేవాడు. వాయింపు అంతంతమాత్రమే కాని, ఆ ఫిడేలు గొంతు కంచుగంట. వీధి మలుపులో ఆడుకుంటున్న పిల్లకు కూడా, నాన్న ఇంటికొచ్చాడని తెలిసిపోయేది.

ఆమెకు పదహారు నిండగానే తండ్రి ఆమెను పొరుగూళ్ళో వాయిద్యాలు చేసే కర్మాగారంలో పనికి పెట్టాడు. "నా దగ్గర రిపేరే నేర్చుకుంటావు. చెక్క కొయ్యడం నుంచి అన్నీ రావాలంటే అక్కడుండాలి" అన్నాడు. ఆమె వెళ్ళిన కొన్నాళ్ళకే తల్లికి మెదడు జ్వరం వచ్చింది. ప్రాణం దక్కింది కాని, ఆ తరవాత తల్లి చప్పుడు భరించలేకపోయేది. గిన్నె కిందపడితే చాలు, రెండు చేతులతో తల పట్టుకుని గోడవైపు తిరిగి పడుకునేది.

సెలవులకు వచ్చినప్పుడు పెద్దకూతురు చూసిన ఇల్లు వేరే ఇల్లు. తలుపు గడియకు గుడ్డ చుట్టి ఉండేది. గోడగడియారం ఆపేశారు. చెంచాలు కూడా తువ్వాలు మీదే పెట్టేవారు. చెల్లెలు అప్పటికి బడికెళ్ళే పిల్ల. అంత చిన్నదీ పిల్లిపిల్లలా మునివేళ్ళ మీద నడవడం నేర్చేసుకుంది. ఉన్న రెండు మూడు రోజులూ పెద్దది ఊపిరి బిగబట్టుకుని తిరిగి, బస్సెక్కాక గట్టిగా ఊపిరి వదిలేది. అలా వదిలినందుకు తనమీద తనకే అసహ్యం వేసేది. ఇంట్లో ఫిడేలు మోగడం ఆ రోజుల్లో ఆమె వినలేదు. పిల్ల రాకతో పెరిగిన అలికిడే తల్లికి ఎక్కువని తండ్రి ఆ కాస్త రోజులూ దాన్ని పెట్టెలోంచి తీసేవాడు కాదు.

తల్లి పోయినప్పుడు ఆమె కర్మాగారంలో ఉంది. కబురంది వచ్చేసరికి అంతా అయిపోయింది.

పని పూర్తిగా నేర్చుకుని తిరిగొచ్చి తండ్రి పక్కన బల్ల వేసుకుంది. తండ్రి మళ్ళీ ఫిడేలు పట్టలేదు. దాన్ని చిన్నకూతురి చేతికిచ్చాడు. చిన్నదానికి పాట పుట్టుకతో వచ్చింది. రోజూ ఆ ఫిడేలు మీదే సాధన చేసేది. పక్కగదిలోంచి అక్క వినేది. కంచుగంటలాంటి గొంతు ఏమైపోయిందో, ఇప్పుడు మెత్తగా, దుప్పటి కప్పుకుని మాట్లాడుతున్నట్టు వినిపించేది. చెక్క వయసుతో మెతకబడింది కాబోలు అనుకుంది. ఒకసారి తండ్రిని అడిగింది కూడా. "దాని మానాన దాన్నుండనీ" అన్నాడాయన. అంతకుమించి చెప్పలేదు.

ఏళ్ళు గడిచాయి. అక్క బస్సు డ్రైవర్ని పెళ్ళాడింది. చెల్లెలు పెద్ద సంగీత మందిరంలో వాద్యబృందంలో చేరింది, తోటి కళాకారుణ్ణి చేసుకుని ఊరికి అవతలి కొసన కాపురం పెట్టింది. తండ్రి పోయాడు. ఆయన ఫిడేలు చెల్లెలి దగ్గరే ఉంది. మందిరంలో వాయించడానికి ఆమెకు వేరే ఫిడేలు ఉంది. ఇంట్లో, తనకోసం మాత్రం నాన్నదే తీసేది.

ఒక వేసవిలో ఎండలు మండిపోయి, ఆ ఫిడేలు పైపలక పగిలింది. చెల్లెలు దాన్ని పసిబిడ్డలా ఎత్తుకుని కొట్టుకు వచ్చింది.

"అక్కా, బతుకుతుందా?"

"నాన్న చేసింది చచ్చిపోతుందా? వదిలివెళ్ళు."

పలుచని కత్తి అంచు చుట్టూ నడిపి అక్క పైపలక విప్పింది. పాత జిగురు టపటపమని వదిలింది. లోపల చూసి ఆమె చెయ్యి ఆగింది. గుంజ నిలిచిన చోట పలకమీద చిన్న గుంట పడి ఉంది. అది ఉండవలసిన చోట లేదు. గుర్రం కాలికి చాలా దిగువగా, అడుగువైపుకి జరిగిపోయి ఉంది. తను కర్మాగారంలో మొదటి ఏడాది అలా పెట్టి ఉంటే మేస్త్రీ చెవి మెలిపెట్టేవాడు. వయసు మీదపడ్డాక తండ్రి కళ్ళకు పొరలు కమ్మిన సంగతి, చేతులు వణికిన సంగతి ఆమెకు గుర్తొచ్చాయి. పాపం, కనిపించక పెట్టేశాడనుకుంది. ఆమెకు కళ్ళనీళ్ళు తిరిగాయి. పాత గుంజను చెత్తబుట్టలో పడేసింది. పగులు అతికి, వెనక సన్న బిళ్ళలు వేసి, కొత్త గుంజ చెక్కి, ఉండవలసిన చోట నిలబెట్టింది. తీగలు ఎక్కించి కమాను లాగింది.

కంచుగంట. వీధి మలుపుదాకా వినిపించే గొంతు. కొట్టు ముందు పోతున్నవాళ్ళు ఆగి చూశారు. ఆమె ఆ ఒక్క స్వరాన్నే పదేపదే లాగుతూ, ఏడుస్తూ నవ్వింది. నాన్నను తిరిగి తెచ్చాననుకుంది.

చెల్లెలు వచ్చి ఫిడేలు భుజాన పెట్టుకుని, ఒక్కసారి కమాను లాగి, బల్లమీద పెట్టేసింది.

"ఇది నాన్నది కాదు."

"నాన్నదే. గుంజ పక్కకి పోయింది, సరిచేశాను. మొదట్లో దీని గొంతు ఇదే. నీకు తెలీదు, నువ్వప్పటికి ఒళ్ళో పిల్లవి."

"నాకు తెలీదా? నేను రోజూ వాయించేదాన్ని, నాకు తెలీదా?"

"తప్పుగా ఉన్నదాన్ని తప్పుగానే వదిలెయ్యాలా? ఎవరైనా చూస్తే నాన్నకి పని రాదనుకుంటారు."

"ఎవరో ఏదో అనుకుంటారని నాన్న గొంతు మార్చేశావా?" చెల్లెలు పెట్టె మూత తెరిచింది. "అమ్మ మంచాన పడ్డప్పుడు నువ్వు లేవు. పోయినప్పుడూ లేవు. ఆ ఇంట్లో ఏం మోగిందో నీకేం తెలుసు?"

ఆ మాట అక్కకు గురిచూసి కొట్టినట్టు తగిలింది. బల్లమీది ఉలి పక్కకి నెట్టి, "నేను కావాలని పోయానా? పంపించింది నాన్నే" అంది. ఆ సరికే చెల్లెలు ఫిడేలును పెట్టెలో పెట్టుకుని మెట్లు దాటేసింది.

ఆ తరవాత అక్కచెల్లెళ్ళు పలకరించుకోవడం మానేశారు. చుట్టాలిళ్ళలో ఎదురుపడితే పొడిపొడిగా తల ఊపుకునేవారు. చెల్లెలి పిల్ల పుట్టినప్పుడు అక్క ఆసుపత్రికి వెళ్ళింది. బిడ్డను చూసింది, చెల్లెలు నిద్రలో ఉందని ఎవరో చెబితే విని తిరిగొచ్చింది. కబుర్లన్నీ బస్సు డ్రైవరు మోసేవాడు. "మీ ఇద్దరి మధ్యా నా బతుకు అడకత్తెరలో పోకచెక్క" అనేవాడు. తండ్రి ఫిడేలును చెల్లెలు వాయించడం మానేసిందని, పెట్టె అలమారు మీద పెట్టేసిందని కూడా ఆయనే చెప్పాడు. అది విన్న రోజున అక్క ఉలి జారి వేలు కోసుకుంది. మొండిది, ఎవరి పోలిక వచ్చిందో అని గొణుక్కుంది. ఎవరి పోలికో ఆమెకు తెలుసు.

అలా ఎన్నేళ్ళో గడిచాక, ఒక వానాకాలం మధ్యాహ్నం పిల్లలకు ఫిడేలు నేర్పే టీచరు ఒకావిడ కొట్టుకు వచ్చింది. గొడుగు మూలన పెట్టి, ఫిడేలు పెట్టె ఒళ్ళో ఉంచుకుని దాని గడియ తీస్తూ వేస్తూ కూర్చుంది.

"ఏమైందండీ? ఎక్కడైనా పగిలిందా?"

"పగల్లేదమ్మా. బాగా పలుకుతుంది. అదే ఇబ్బంది" అందామె. "మా ఆయనకి తలకి ఆపరేషన్ అయింది. ఇప్పుడు కాస్త గట్టి చప్పుడైనా తట్టుకోలేరు. పై తీగ మీదికి పోతే చాలు, కళ్ళు మూసుకుంటారు."

"గుర్రానికి చప్పుడు నొక్కే మ్యూట్ తగిలించి చూశారా?"

"చూశాను. జలుబు చేసిన మనిషి పాడినట్టుంది, తియ్యమన్నారు. పోనీ వాయించడమే మానేస్తానంటే ఒప్పుకోరు. ఇల్లు నిశ్శబ్దంగా ఉంటే నేను పోయానేమో అనిపిస్తుందే అంటారు." ఆమె చీరకొంగుతో కళ్ళద్దాలు తుడుచుకుంది. "గొంతు తగ్గించే మార్గం ఏమైనా ఉందా అమ్మా? వికారంగా కాకుండా, ఉత్త మెత్తగా?"

ఫిడేలక్క దీపం వెలిగించింది. తీగలు కాస్త వదులుచేసి, పాములా రెండు వంపులు తిరిగిన ఇనప కొక్కెం గుర్రం పక్కనున్న రంధ్రంలోంచి లోపలికి దూర్చి, గుంజను పిసరంత దిగువకు తట్టింది. తీగలు బిగించి ఇచ్చింది. టీచరు వాయించి, "కొంచెం నయం" అంది. ఇంకొంచెం తట్టింది. "ఇంకాస్త మెత్తబడాలి." ఇక అంతకుమించి జరపకూడదని చేతికి తెలుసు. అయినా, పొడవు సరిపోయేలా గుంజను బయటికి తీసి కొసలు చెక్కి, మరింత దిగువన నిలబెట్టింది.

ఈసారి టీచరు కమాను లాగగానే పదునంతా పోయింది. గొంతు ఉంది, కోసుకుపోయే అంచు లేదు. గోడకవతల గదిలో మనవాళ్ళెవరో మాట్లాడుకుంటుంటే, మాటలు తెలియకపోయినా ధైర్యంగా ఉంటుంది చూడండి, అలా ఉంది.

"ఇదమ్మా! ఇదే" అంది టీచరు.

ఫిడేలక్క చెయ్యి చాచి ఫిడేలు తీసుకుని, బుల్లి అద్దం రంధ్రంలో పెట్టి లోపలికి చూసింది. గుంజ ఎక్కడ నిలబడిందో చూసింది. గుర్రం కాలికి చాలా దిగువగా, అడుగువైపుకి. ఆ చోటు ఆమె ఎరుగును. తండ్రి ఫిడేలు విప్పినప్పుడు చూసిన గుంట అక్కడే ఉంది. ఆ గుంట అంత లోతుగా పడాలంటే గుంజ ఎన్నో ఏళ్ళు అక్కడే నిలబడి ఉండాలి. కళ్ళకు పొరలు రాకముందు నుంచీ. చేతులు వణకకముందు నుంచీ.

గడియకు చుట్టిన గుడ్డ, ఆపేసిన గడియారం, తువ్వాలు మీద చెంచాలు అన్నీ వరసగా కళ్ళముందు నిలబడ్డాయి. ఇంట్లో ప్రతి చప్పుడుకీ గుడ్డ చుట్టిన మనిషి, చివరికి ఫిడేలుకీ చుట్టాడు. బయటినుంచి కాదు, లోపలినుంచి.

"ఏమైందమ్మా, ఒంట్లో బాగాలేదా?"

"ఏం లేదండీ" అంది ఆమె. "మా నాన్న గుర్తొచ్చాడు."

ఆ సాయంత్రం భర్తకు అంతా చెప్పింది. ఆయన అన్నం ముందు కూర్చుని, ముద్ద నోట్లో పెట్టుకోకుండా విన్నాడు.

"అయితే చెల్లెలికి చెప్పవా?"

"ఫోన్ చేస్తే పెట్టేస్తుందేమో."

"ఫోనెందుకు, కాళ్ళు లేవూ? అవి నొప్పిగా ఉంటే నా బస్సుంది."

మర్నాడు పొద్దున్నే పనిముట్ల సంచీ భుజాన వేసుకుని బయల్దేరింది. చెల్లెలు తలుపు తీసి, పక్కకు జరిగి, "రండి, కూర్చోండి" అంది. ఆ 'రండి' అక్క గుండెలో ముల్లులా దిగింది. చిన్నప్పటినుంచీ 'నువ్వు' తప్ప ఎరగని నోరు అది.

అక్క కూర్చోలేదు. నిలబడే చెప్పింది. టీచరు సంగతి, ఆమె భర్త ఆపరేషన్, గుంజ జరిపిన వైనం, అద్దంలో కనబడింది అన్నీ చెప్పి, "నాన్న చెయ్యి తప్పలేదు. నేనే తప్పు చదివాను" అంది.

చెల్లెలు కుర్చీలో కూలబడింది. "అంటే... అమ్మ కోసం, కావాలనే?"

"కావాలనే."

"నాకు తెలీదే అక్కా. దాని గొంతే అంత అనుకున్నాను. నేను పుట్టి బుద్ధెరిగాక దాన్ని విన్నదే అలా."

"నేను విన్నది ఇంకోలా. మనిద్దరికీ నాన్న ఒక్కడే గాని, ఫిడేళ్ళు రెండు." అక్క సంచీ భుజంనుంచి దింపింది. "నాతో ఒక్క మాట చెప్పి ఉండొచ్చుగా ఆయన. అడిగాను కూడా."

"ఎలా చెప్తాడు? దూరంగా ఉండిపోయినందుకు నువ్వు అప్పటికే కుమిలిపోతున్నావని, అమ్మ జబ్బు మాట నీ దగ్గర ఎత్తొద్దనేవాడు నాతో."

ఇది అక్కకు కొత్త.

చెల్లెలు కుర్చీ వేసుకుని అలమారు మీదినుంచి పెట్టె దింపింది. దుమ్ము తుడిచింది. భోజనాల బల్లమీద దుప్పటి పరిచి అక్క పని మొదలుపెట్టింది. తండ్రి గుంజ లేదు, తనే పారేసింది; ఆ సంగతి తలుచుకుంటూనే సంచీలోంచి కొత్త పుల్ల తీసి, కొసలు వాలుగా చెక్కింది. చెక్కింది, పెట్టి చూసింది, తీసింది, మళ్ళీ చెక్కింది. దిగువన పలక వాలు వేరు, పుల్ల సరిగ్గా కుదరాలి. ఒకసారి కొక్కెం జారి గుంజ లోపల పడి లొడలొడలాడింది.

"పడిందా?"

"పడింది. నీకన్నా మొండిది." ఫిడేలును తలకిందులుగా పట్టుకుని ఊపి, రంధ్రంలోంచి దాన్ని రాల్చుకుంది. చెల్లెలికి నవ్వొచ్చింది కాని ఆపుకుంది.

తండ్రి గుంట ఇంకా అక్కడే ఉంది. అద్దంలో చూస్తూ కొత్త గుంజ కొసను అందులో కూర్చోబెట్టింది. తీగలు ఎక్కించి, గుర్రం నిటారుగా ఉందో లేదో చూసి, చెల్లెలికి ఇచ్చే ముందు ఒక్క క్షణం ఫిడేలును చేతుల్లోనే ఉంచుకుంది. కంచుగంటను తన చేతులతోనే మళ్ళీ మూసేసింది. ఇక ఆ గొంతును నాన్న గొంతుగా ఎరిగిన చెవులు లోకంలో ఆమెవే.

చెల్లెలు కళ్ళు మూసుకుని వాయించింది. తండ్రికి వచ్చిన నాలుగు పాటల్లో ఒకటి.

"అదేనా?" అంది అక్క.

చెల్లెలు తల అడ్డంగా ఊపింది. "అచ్చం అదే కాదు. పక్కింటిదాకా వచ్చింది."

"నాన్న పెట్టిన పుల్ల వేరు. పలకకి అతుకు పడింది. తీగలు వేరు. ఇంతకన్నా దగ్గరికి నేను తేలేనే."

"చాలక్కా" అంది చెల్లెలు. "పక్కింట్లో ఉంటే చాలు."

ఇద్దరూ టీ తాగారు. బడినుంచి చెల్లెలి కూతురు వచ్చి, పెద్దమ్మను చూసి కొత్తచేసి, తలుపు చాటునుంచి తొంగిచూసి లోపలికి పారిపోయింది. అక్క కప్పు కింద పెట్టి, ఎన్నాళ్ళనుంచో అడగలేని మాట అడిగింది.

"నేను లేనప్పుడు ఇంట్లో ఎలా ఉండేదో చెప్పవే. అమ్మ బాగా బాధపడిందా?"

"బాధే. కాని సాయంత్రాలు బాగుండేవి. నాన్న కొట్టునుంచి రాగానే నన్ను అమ్మ పక్కన పడుకోబెట్టి ఫిడేలు తీసేవాడు. ఇందాకటి పాట ఉంది చూడు, అందులో నడిమధ్యన ఒకచోట ఆయనకి రోజూ వేలు తప్పేది. సరిగ్గా అక్కడికొచ్చే ముందు అమ్మ దిండుమీద తలెత్తకుండానే వేలు పైకెత్తి, 'ఏమండోయ్, గుంట వస్తోంది, జాగ్రత్త' అనేది."

"అమ్మా?"

"అమ్మే! ఆయన జాగ్రత్తపడేవాడు, అయినా దబ్బున అందులోనే పడేవాడు. ఇక అమ్మ నవ్వు చూడాలి. నవ్వితే తల నొస్తుందే అని నాన్న కసిరేవాడు, కసురుతూ ఆయనా నవ్వేవాడు."

అక్క నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. ఇన్నేళ్ళుగా ఆమె మనసులో తల్లి గోడవైపు తిరిగి పడుకునే ఉంది. ఆ మంచంమీద నవ్వు కూడా ఉండేదని ఆమె ఎన్నడూ అనుకోలేదు. ముందు ఏడుపొచ్చింది, ఆ వెనకే నవ్వొచ్చింది, ఏది ఏదో తెలియకుండా భుజాలు కదిలాయి. చెల్లెలు లేచొచ్చి పక్కన కూర్చుంది.

"ఇంకేం అనేది?" అంది అక్క.

చెల్లెలు ఒక్కొక్కటే గుర్తుచేసుకుంటూ చెప్పసాగింది.